నాన్న కొన్న స్థలంలో ఎవరో షెడ్డు వేశారు, ఇప్పుడు ఏ దావా వేయాలి?

ఒక పాఠకురాలు సుదీర్ఘమైన ఉత్తరం రాశారు. ఊరూ పేరూ తీసేసి, సారాంశం మాత్రం ఇస్తున్నాను.

ఆమె ప్రభుత్వ పాఠశాలలో ఉపాధ్యాయురాలు, వయసు 47. తండ్రి 1996లో పట్టణం అంచున ఒక లేఅవుట్‌లో 300 గజాల స్థలం కొన్నారు. దస్తావేజు రిజిస్టరైంది. పొలం యజమాని ఇచ్చిన జీపీఏతో (జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ, అంటే యజమాని తన తరఫున అమ్మడానికి ఇంకొకరికి ఇచ్చే అధికారపత్రం) లేఅవుట్ వ్యాపారి దాని మీద సంతకం చేశాడు. నాలుగు మూలలా హద్దురాళ్లు పాతించి, ఏటా ముళ్లకంపలు కొట్టించడం తప్ప అక్కడ ఏమీ కట్టలేదు. 2014లో తండ్రి వీలునామా రాయకుండానే చనిపోయారు. తల్లి, ఈమె, విదేశంలో ఉన్న తమ్ముడు మిగిలారు. ఖాళీ స్థలం పన్ను తండ్రి పేరు మీదే కడుతూ వచ్చారు.

నాలుగు నెలల కిందట తెలిసినవారు ఫోన్ చేసి, మీ స్థలంలో ఏదో పని జరుగుతోందన్నారు. వెళ్లి చూస్తే దక్షిణం వైపు రెండు హద్దురాళ్లు లేవు. రేకుల షెడ్డు, దానికి తాళం, పక్కన ఒక బోర్డు. బోర్డు పెట్టిన వ్యక్తి ఆ భూమిని పాత పొలం యజమాని కొడుకు దగ్గర మూడేళ్ల కిందట కొన్నానంటూ రిజిస్టరైన కాగితం చూపించాడు. అదే రోజు ఇంకో సంగతి బయటపడింది. ఉత్తరం పక్క ఇంటాయన నిరుడు ప్రహరీ కూల్చి కొత్తది కట్టుకున్నప్పుడు గోడ రెండడుగులు ఇటువైపు జరిగింది. ఆయన రిటైర్డ్ ఉద్యోగి, వీరి తండ్రికి బాగా తెలిసిన మనిషి.

పోలీసులు ఇది సివిల్ తగాదా అని పంపేశారు. స్థానిక పెద్దలు ఎంతో కొంత ఇప్పిస్తాం, సంతకం పెట్టి వదిలించుకోండి అంటున్నారు. దస్తావేజులు రాసే పరిచయస్తుడు ఇంజంక్షన్ దావా వేస్తే ఖర్చు తక్కువ అంటున్నాడు. తమ్ముడు నలుగురిని పెట్టి షెడ్డు పీకించమంటున్నాడు. కోర్టు మెట్లెక్కితే నా జీవితంలో తేలదని తల్లి భయపడుతున్నారు. ‘ఇన్నేళ్లు ఖాళీగా వదిలేసినందుకు మా హక్కు పోయిందా? ఎవరి మాట వినాలి? నాన్న మిగిల్చిన ఒకే ఒక్క ఆస్తి నా చేతుల మీదుగా పోతుందేమోనని నిద్ర పట్టడం లేదు’ అని అడిగారు.

ముందు మీ నిద్ర పాడుచేస్తున్న ప్రశ్నకు జవాబు చెబుతాను. ఖాళీగా ఉంచినంత మాత్రాన మీ హక్కు పోలేదు. స్థలాన్ని వాడుకోకపోవడం వల్ల యాజమాన్యం రద్దయ్యే నియమం మన చట్టంలో లేదు. హక్కు పోవాలంటే వేరొకరు ఆ స్థలాన్ని బహిరంగంగా, నిరాటంకంగా, యజమానికి వ్యతిరేకంగా తమదేనంటూ 12 ఏళ్లు తమ స్వాధీనంలో ఉంచుకోవాలి. 1963 నాటి లిమిటేషన్ చట్టంలోని 65వ ఆర్టికల్ ఈ గడువు పెట్టింది. ఆ లెక్క మీ నాన్నగారు కొన్న 1996 నుంచి మొదలవదు, అవతలి వ్యక్తి మీకు వ్యతిరేకంగా స్వాధీనంలోకి వచ్చిన రోజు నుంచి మొదలవుతుంది. ఆ షెడ్డు వయసు నాలుగు నెలలు. మూడేళ్ల కిందట ఆయన కాగితం రాయించుకున్నా, స్థలంలో అడుగుపెట్టని కాగితం స్వాధీనం కింద లెక్కకు రాదు. కాబట్టి ఈ భయం ఇక వదిలేయండి.

మీ ఉత్తరం ఒకే తగాదా గురించి రాసినట్టుంది కానీ, నాకు అందులో రెండు తగాదాలు కనిపిస్తున్నాయి. ఒకటి షెడ్డు. ఆ వ్యక్తి మీకు యాజమాన్యమే లేదంటున్నాడు. రెండోది ప్రహరీ. పక్కింటాయన మీరు యజమానులు కారని ఎక్కడా అనలేదు. అక్కడ పేచీ హద్దు ఎక్కడన్నదే. ఈ రెండింటినీ ఒకే కోపంతో చూసి, ఒకే నోటీసులో ఇద్దరినీ కబ్జాదారులని రాయిస్తే మీ చేతులారా ఇద్దరు శత్రువులను ఒక్కటి చేసినట్టే. పైగా ఆ స్థలం ఇన్నేళ్లూ ఎవరిదో, ముళ్లు ఎవరు కొట్టించారో, హద్దురాళ్లు ఎప్పటివరకు ఉన్నాయో కళ్లారా చూసిన మనిషి ఆ పక్కింటాయనే. షెడ్డు తగాదాలో మీకు ఆయనను మించిన సాక్షి దొరకరు. ఆయన సొంత దస్తావేజులో కూడా దక్షిణ హద్దుగా మీ నాన్నగారి పేరో, మీ ప్లాటు నంబరో ఉండే అవకాశం ఎక్కువ. మీది కాని దస్తావేజు మీ హద్దును ఒప్పుకుంటే కోర్టులో దానికి మంచి విలువ ఉంటుంది. ప్రహరీ సంగతి మళ్లీ చెబుతాను. ముందు షెడ్డు.

ఇక్కడ ఒక గడువు నడుస్తోంది, మీ చుట్టూ ఉన్న సలహాదారులెవరూ దాని గురించి చెప్పినట్టు లేరు. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ ప్రకారం, స్వాధీనంలో ఉన్న వ్యక్తిని ఆయన సమ్మతి లేకుండా, చట్టప్రకారం కాకుండా వెళ్లగొడితే, ఆరు నెలల్లోపు దావా వేసి స్వాధీనం తిరిగి పొందవచ్చు. ఈ దావాలో యాజమాన్యం ఎవరిదని కోర్టు విచారించదు. నిన్నటిదాకా స్వాధీనం ఎవరిది, బలవంతంగా ఎవరు లాక్కున్నారు అన్నంతవరకే చూస్తుంది. తీర్పు మీద అప్పీలు లేదు, పునస్సమీక్ష లేదు. మీరు చెప్పిన లెక్కన మీకు ఇంకా రెండు నెలలే మిగిలాయి. గడువు దాటితే ఈ దారి మూసుకుపోతుంది, యాజమాన్యం ఆధారంగా వేసే దావా మాత్రం మిగులుతుంది.

అయితే ఈ దారి వినడానికి ఎంత తేలికగా ఉన్నా ఖాళీ స్థలం విషయంలో ఒక చిక్కు ఉంది. యాజమాన్యం చూడరు కాబట్టి, దస్తావేజు చూపించి గెలవలేరు. షెడ్డు వేసే నాటికి స్థలం నిజంగా మీ అధీనంలో ఉందని రుజువు చేయాలి. ముళ్లు కొట్టిన కూలీ, హద్దురాళ్లు చూసిన పొరుగువాళ్లు, పన్ను రసీదులు, ఎప్పుడో సరదాగా అక్కడ తీసుకున్న ఫొటోలు మీకు ఆధారాలవుతాయి. ఫొటో ఫోనులో ఉంటే ఆ ఫోను మార్చకండి, అమ్మకండి. ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి 2023 నాటి భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ ప్రకారం ధ్రువపత్రం జతచేయాలి. ఫొటో ఏ పరికరంలోంచి వచ్చిందో చెప్పలేని పరిస్థితి రాకూడదు.

ఇక రెండో దారి, యాజమాన్యం ఆధారంగా వేసే పూర్తిస్థాయి దావా. మీ పరిచయస్తుడు చెప్పిన ఇంజంక్షన్ సలహా గురించి ఇక్కడ గట్టిగా చెప్పాలి, ఎందుకంటే ఇలాంటి సలహా విని ఏళ్ల తరబడి తిరిగి, చివరికి దావా సరైనది కాదని కొట్టివేయించుకున్న కుటుంబాలు చాలా ఉన్నాయి. ఇంజంక్షన్ అంటే ‘నా స్వాధీనంలో ఉన్నదాని జోలికి రావద్దని ఆదేశించండి’ అని అడగడం. మీ స్థలంలో వేరొకరి తాళం వేలాడుతుంటే ఆ మాట అడగడానికి ఆధారం ఏది?

ఈ విషయం మీద సుప్రీంకోర్టు 2008లో ఇచ్చిన తీర్పు ఒకటుంది. అది కూడా మన దగ్గరి నుంచే, వరంగల్‌లో రెండు ఖాళీ స్థలాల మీద తలెత్తిన తగాదా. కింది కోర్టులు, హైకోర్టు దాటి ఢిల్లీ దాకా వెళ్లింది. అక్కడ కోర్టు మూడు పరిస్థితులను విడదీసి చెప్పింది. స్వాధీనం మీదే, హక్కు మీద పెద్దగా వివాదం లేదు, ఎవరో అడ్డుపడుతున్నారంతే అన్నప్పుడు ఒట్టి ఇంజంక్షన్ దావా సరిపోతుంది. హక్కు మీద వివాదం లేదు కానీ స్వాధీనం పోయింది అన్నప్పుడు స్వాధీనం కోసం దావా వేసి, దానికి అనుబంధంగా ఇంజంక్షన్ అడగాలి. హక్కు మీదే నీలినీడలు కమ్ముకుంటే, అంటే అవతలివాడు కూడా కాగితం పట్టుకుని నాదే అంటుంటే, యాజమాన్య ప్రకటన, అంటే స్థలం మీదేనని కోర్టు ప్రకటించాలని అడగాలి. అప్పటికి స్వాధీనం కూడా పోయి ఉంటే ప్రకటనతో పాటు స్వాధీనం, ఇంజంక్షన్ మూడూ కలిపి అడగాలి. మీరు ఉన్నది ఈ చివరి పరిస్థితిలో. అదే తీర్పులో మీకు ఉపయోగపడే మాట ఇంకొకటి ఉంది. ఖాళీ స్థలం మీద ఇద్దరూ స్వాధీనం మాదే అంటున్నప్పుడు, హక్కు నిరూపించుకున్నవారి స్వాధీనంలోనే అది ఉన్నట్టు భావిస్తారు. మీరు స్థలంలో లేకపోయినా, షెడ్డు పడేవరకు స్వాధీనం మీదేనని వాదించడానికి ఇది బలం.

ఇంజంక్షన్ దావాకు కోర్టు ఫీజు తక్కువ కావచ్చు. పూర్తి దావాలో స్థలం మార్కెట్ విలువను బట్టి ఫీజు కట్టాలి, అది బరువే. కానీ అడగని ఉపశమనం కోర్టు ఇవ్వదు. ఆ ఫీజు ఆదా చేసుకున్నందుకు, మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టాల్సి వస్తుంది. అప్పటికి షెడ్డు పక్కా ఇల్లయినా అయి ఉంటుంది.

షెడ్డు వేసిన వ్యక్తి దస్తావేజును రద్దు చేయించాలా అని కూడా మీకు సందేహం రావచ్చు. ఆ దస్తావేజు మీద మీ కుటుంబంలో ఎవరూ సంతకం పెట్టలేదు. సంతకం పెట్టినవారు దాన్ని తప్పించుకోవాలంటే రద్దు కోరాలి. సంతకం పెట్టనివారు అది మమ్మల్ని కట్టిపడేయదు, చెల్లదు అన్న ప్రకటన కోరితే చాలునని సుప్రీంకోర్టు 2010లో స్పష్టం చేసింది. దావాలో ఆ మాట వదిలేయకుండా రాయించండి.

సరే, ఈ రెండు దారుల్లో ఏది? ఇది తేల్చేది మీ నాన్నగారి దస్తావేజు మీద సంతకం పెట్టిన ఆ జీపీఏ. మీ ఉత్తరంలో దాని గురించి ఒక్క ముక్కే ఉంది. నాకు మాత్రం మొత్తం కేసు అక్కడే ఉందనిపిస్తోంది.

పాత పొలం యజమాని కొడుకు ఇప్పుడు భూమి అమ్మాడంటే, రేపు కోర్టులో రాబోయే వాదన దాదాపు ఊహించవచ్చు. ‘మా నాన్న ఆ జీపీఏ ఇవ్వలేదు’ అంటాడు, లేదా ‘ఇచ్చాడు కానీ 1996లో మీ దస్తావేజు రిజిస్టరయ్యే నాటికి ఆయన బతికిలేడు’ అంటాడు. జీపీఏ ఇచ్చిన వ్యక్తి చనిపోతే సాధారణంగా ఆ అధికారం కూడా అక్కడితో ముగుస్తుంది. జీపీఏ పుచ్చుకున్న ఏజెంటుకు, అంటే ఇక్కడ లేఅవుట్ వ్యాపారికి, ఆ ఆస్తిలో సొంత ప్రయోజనం ఉంటే, ఉదాహరణకు అతను యజమానికి ముందే డబ్బు చెల్లించి ఆ హక్కుతో జీపీఏ పుచ్చుకుని ఉంటే, మినహాయింపు ఉంది. కాబట్టి లాయర్ గుమ్మం ఎక్కేముందే మీరు చేయాల్సిన పని ఒకటుంది. మీ దస్తావేజు మొదటి పేజీల్లో ఆ జీపీఏ నంబరు, సంవత్సరం, ఏ సబ్ రిజిస్ట్రార్ కార్యాలయమో రాసి ఉంటుంది. అక్కడికి వెళ్లి సర్టిఫైడ్ కాపీ తీసుకోండి. పాత యజమాని ఎప్పుడు చనిపోయారో ఊళ్లో వాకబు చేసి, వీలైతే మరణ ధ్రువపత్రం సంపాదించండి. ఆయన మరణం మీ దస్తావేజు తేదీ తర్వాత అయితే, ఆయన కొడుకుకు అమ్మడానికి ఆ 300 గజాల్లో ఏమీ మిగల్లేదు. తండ్రి అప్పటికే అమ్మేసిన స్థలం వారసత్వంగా రాదు. తనకు లేని హక్కును ఎవరూ ఇంకొకరికి అమ్మలేరు.

అదే కార్యాలయంలో ఈసీ (ఆ ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల ధ్రువపత్రం) తీసుకునేటప్పుడు ఒక జాగ్రత్త. ప్లాటు నంబరుతో ఒకసారి, సర్వే నంబరుతో ఇంకోసారి, రెండు విధాలా వెతికించండి. మీ దస్తావేజు ప్లాటు నంబరుతోనూ, షెడ్డు వేసిన వ్యక్తి దస్తావేజు సర్వే నంబరుతో ఎకరాల్లోనో సెంట్లలోనో రాసి ఉంటే, ఒకదాని ఈసీలో రెండోది కనపడకపోవచ్చు. ఇలా వర్ణన మార్చి ఒకే నేలను రెండుసార్లు రిజిస్టరు చేయించడం పాత ఎత్తుగడే. ఆయన దస్తావేజు సర్టిఫైడ్ కాపీ కూడా తీసుకుని షెడ్యూలులోని (ఆస్తి వివరాలు రాసిన భాగం) నాలుగు హద్దులు చదవండి. తూర్పున ఏముంది, పడమర రోడ్డా, ఎవరి భూమా? ఆ హద్దులు మీ స్థలానికి సరిపోకపోతే, ఆయన కొన్నది వేరేచోట, కూర్చున్నది మీ చోట అని తేలిపోతుంది. లేఅవుట్ ప్లానును పాత సర్వే పటంతో పోల్చి చూపగల సర్వేయరును ముందే ఒకసారి స్థలానికి తీసుకెళ్లడం మంచిది.

జీపీఏ సంగతి శుభ్రంగా తేలితే, నా మొగ్గు నేరుగా పూర్తి దావా వైపే. 6వ సెక్షన్ కింద గెలిచినా, ఆయన చేతిలో దస్తావేజు ఉన్నంతకాలం యాజమాన్యం ప్రశ్న మళ్లీ తలెత్తుతుంది, ఎవరో ఒకరు ఇంకో దావా వేయక తప్పదు. జీపీఏలో బలహీనత కనిపిస్తే మాత్రం లెక్క మారుతుంది. అప్పుడు యాజమాన్యం జోలికి వెళ్లని ఆ ఆరు నెలల దావా మీకు చాలా విలువైనది, ఎందుకంటే ముందు స్థలం మీ చేతికి తిరిగివస్తుంది, హక్కు నిరూపించుకునే బరువు ఆయన మీద పడుతుంది. మీరు వాదిగా నిలబడి హక్కు ప్రకటించమన్నప్పుడు మీ హక్కు బలం మీదే గెలవాలి. ప్రతివాది కాగితాల్లో లోపం ఉందని చూపితే సరిపోదు. అందుకే ఈ రెండు నెలలు వాయిదా వేయకుండా ముందు ఆ కాగితాలు తెప్పించండి. రెండింటి మధ్య ఎంపిక మీకు, మీ లాయరుకు గడువు లోపల మిగిలి ఉండాలి.

తమ్ముడు చెప్పిన దారి గురించి. ఆయన కోపం అర్థమవుతుంది, కానీ ఆయన ఉన్నది విదేశంలో. పోలీస్ స్టేషన్‌కు వెళ్లాల్సి వచ్చేది మీరు. అక్రమంగా అడుగుపెడుతున్నవాణ్ని ఆ క్షణంలో అడ్డుకునే హక్కు యజమానికి ఉంది. కానీ అతను స్థిరపడి నెలలు గడిచాక, యజమాని కూడా చట్టప్రకారమే ఖాళీ చేయించాలన్నది సుప్రీంకోర్టు పదే పదే చెప్పిన మాట. షెడ్డు పీకించిన మర్నాడే ఆయన ఫిర్యాదు చేస్తాడు, సివిల్ కోర్టులో మీ మీదే ఇంజంక్షన్ తెచ్చుకుంటాడు. ఇవాళ బాధితులైన మీరు రేపు నిందితులవుతారు. మీరు ప్రభుత్వ ఉద్యోగి. క్రిమినల్ కేసులో 48 గంటలు మించి నిర్బంధంలో ఉంటే సస్పెన్షన్‌లో ఉన్నట్టే లెక్క. ఒక షెడ్డు కోసం మీ ఉద్యోగాన్ని పణంగా పెట్టకండి.

పోలీసులు సివిల్ అన్నారని మీరు అక్కడితో ఆగిపోయారు. యాజమాన్యం తేల్చడం వాళ్ల పని కాదన్నది నిజమే. అయినా లిఖితపూర్వక ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోండి. భారతీయ న్యాయ సంహిత 329వ సెక్షన్ కింద అక్రమ ప్రవేశం నేరమే. హద్దురాళ్లు పీకేయడం గురించి కూడా రాయండి. కేసు నమోదైనా కాకపోయినా, ఫలానా తేదీకల్లా మీరు అభ్యంతరం చెప్పారనడానికి ఆ రసీదు సాక్ష్యం. ఆరు నెలల గడువు లెక్కలోనూ, ‘చూస్తూ ఊరుకున్నారు’ అన్న వాదనకు జవాబుగానూ పనికొస్తుంది. మున్సిపాలిటీకి కూడా, ఈ స్థలం మీద ఎవరు నిర్మాణ అనుమతి అడిగినా మాకు అభ్యంతరం ఉందని దస్తావేజు నకలు జతచేసి ఒక అర్జీ ఇవ్వండి.

అవతలి వ్యక్తి మీకంటే ముందే కోర్టుకు వెళ్లి, మీకు తెలియకుండా మధ్యంతర ఉత్తర్వు తెచ్చుకునే ప్రమాదం ఉంది. దానికి విరుగుడు కేవియట్. సివిల్ ప్రొసీజర్ కోడ్ 148ఎ సెక్షన్ కింద మీరు కేవియట్ వేస్తే, ఆయన దరఖాస్తు విచారించే ముందు మీకు నోటీసు ఇవ్వాలి. అది 90 రోజులు అమల్లో ఉంటుంది. ఖర్చు తక్కువ, ఈ వారంలోనే వేయించవచ్చు. మీ దావా దాఖలైన రోజే, అక్కడ కొత్త నిర్మాణం చేయకుండా, స్థలాన్ని వేరొకరికి అమ్మకుండా ఉత్తర్వు కోరుతూ మధ్యంతర దరఖాస్తు వేయించండి. తాళం తీయించడం ఈ దశలోనే జరుగుతుందని ఆశపడకండి, అది సాధారణంగా తుది తీర్పు తర్వాతే. ఉన్న స్థితిని అలాగే ఆపగలిగితే ఇప్పటికి అదే పెద్ద విజయం. ఉత్తర్వు వచ్చాక ఆయన ధిక్కరిస్తే ఆస్తి జప్తు, మూడు నెలల వరకు సివిల్ జైలు ఉన్నాయి. స్థలం కొలిచి, ఏది ఎక్కడుందో నివేదిక ఇవ్వడానికి సర్వేయరు సాయంతో అడ్వకేట్ కమిషనరును నియమించమని కూడా అడగవచ్చు. హద్దుల తగాదాలో ఆ నివేదిక, దానికి జతచేసిన పటం నోటిమాట సాక్ష్యాల కంటే ఎక్కువ పని చేస్తాయి.

దావా ఎవరి పేరుతో? మీ ముగ్గురి పేర్లతో. ఆక్రమణదారు మీద సహయజమానుల్లో ఒక్కరు దావా వేసినా చెల్లుతుంది, కానీ ముగ్గురూ ఉంటే ఒక వాదన తగ్గుతుంది. తమ్ముడు మన రాయబార కార్యాలయం ముందు సంతకం చేసిన జీపీఏ పంపితే చాలు. అది దేశంలోకి వచ్చిన మూడు నెలల్లోపు ఇక్కడ స్టాంపు వేయించాలి, మరిచిపోకండి. ఇక్కడ మిమ్మల్ని నేను తిరిగి అడగాల్సిన ప్రశ్న ఒకటుంది. 2014లో మీ నాన్నగారు పోయేనాటికి మీ నాన్నమ్మ బతికే ఉన్నారా? హిందూ వారసత్వ చట్టం ప్రకారం కొడుకు స్వార్జితంలో తల్లికి కూడా భార్యాబిడ్డలతో సమానంగా వాటా ఉంటుంది. ఆవిడ అప్పుడు ఉండి, తర్వాత వీలునామా లేకుండా పోయి ఉంటే, ఆ వాటాలో మీతో పాటు మీ బాబాయిలకు, అత్తయ్యలకు కూడా భాగం వస్తుంది. ఈ సంగతి అవతలి లాయరు నోటి నుంచి వినేకంటే, ముందే వారితో మాట్లాడి దావాలో చేర్చుకోవడం నయం. నాన్నమ్మ అంతకుముందే కాలం చేసి ఉంటే మీ ముగ్గురికీ సమాన వాటాలు. పన్ను రికార్డులో కూడా మీ పేర్లు ఎక్కించండి. దానివల్ల కొత్తగా హక్కు రాదు, కానీ అనుభవంలో ఉన్నారనడానికి ఆధారం అవుతుంది.

ఇప్పుడు ప్రహరీ. ముందు మీరు, అమ్మగారు కలిసి ఆయనింటికి వెళ్లండి, నోటీసు తీసుకెళ్లవద్దు. మీ దస్తావేజు, ఆయన దస్తావేజు రెండూ బల్ల మీద పెట్టి, ఒకే సర్వేయరుతో ఇద్దరి సమక్షంలో కొలిపిద్దామని అడగండి. గోడ నిజంగానే రెండడుగులు జరిగిందని తేలితే మీ ముందు కొన్ని దారులుంటాయి. గోడ వెనక్కి కట్టుకోమని గడువు ఇవ్వవచ్చు. ఆ కొద్దిపాటి నేలకు న్యాయమైన విలువ తీసుకుని రిజిస్టరు దస్తావేజు రాసివ్వవచ్చు, దానికి సహయజమానులందరూ సంతకం పెట్టాలి. రెండూ కుదరకపోతే ఆ ముక్క వరకు స్వాధీనం, గోడ తొలగింపు కోరుతూ విడిగా దావా వేయవచ్చు. ఏదైనా కానీ ఏళ్లు నాననివ్వకండి. కట్టేటప్పుడు చూసి మౌనంగా ఉన్నవారికి గోడ కూల్చే ఉత్తర్వు ఇవ్వడానికి కోర్టులు వెనకాడతాయి. తాత్కాలికంగా ఆగాలనుకుంటే, హద్దు పేచీ ఉందని ఇద్దరూ ఒప్పుకుంటూ ఒక కాగితం రాసుకుని ఆగండి.

పెద్దలు తెచ్చిన రాజీ మాటను నేను ఒక్కసారిగా కొట్టిపారేయను. మీ కుటుంబానికి ఆ స్థలం కంటే ప్రశాంతత ముఖ్యమనిపిస్తే, మంచి ధర వస్తే, అమ్మేయడం తప్పు కాదు. అది మీ ముగ్గురూ కూర్చుని తేల్చుకోవాల్సిన విషయం. కాకపోతే ఆ రాజీ మీ జీపీఏ కాగితాలు చేతికి వచ్చాక, దావా వేశాక మాట్లాడితే ఒక ధర పలుకుతుంది, భయపడుతూ ఇవాళ మాట్లాడితే ఇంకో ధర పలుకుతుంది. తెల్ల కాగితం మీదో, నోటరీ కాగితం మీదో సంతకాలు పెట్టవద్దు. దావా వేసిన తర్వాత రాజీ కుదిరితే దాన్ని కోర్టులో దాఖలు చేసి రాజీ డిక్రీ పొందవచ్చు, లేదా లోక్ అదాలత్‌లో అవార్డు తీసుకోవచ్చు. లోక్ అదాలత్ అవార్డు మీద అప్పీలు ఉండదు, కట్టిన కోర్టు ఫీజు కూడా తిరిగివస్తుంది.

అమ్మగారి భయం నిజం లేనిది కాదు. ఇలాంటి దావాలు ఏళ్లు పడతాయి. తీర్పు వచ్చాక మొదటి అప్పీలు ఉంటుంది, ఆ తర్వాత గట్టి న్యాయపరమైన ప్రశ్న ఉంటేనే హైకోర్టు రెండో అప్పీలు వింటుంది. గెలిచాక కూడా స్థలం ఇవ్వకపోతే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేసి కోర్టు సిబ్బంది చేత స్వాధీనం తీసుకోవాలి. ఇదంతా దాచిపెట్టి మిమ్మల్ని కోర్టుకు పంపడం నాకు ఇష్టం లేదు. అయితే ప్రతి వాయిదాకూ మీరుగానీ, అమ్మగారుగానీ వెళ్లనక్కర్లేదు, లాయరు హాజరైతే చాలు. మీరు సాక్ష్యం చెప్పే రోజులు మాత్రం తప్పవు. అమ్మగారు పెద్దవయసులో కోర్టుకు రాలేని స్థితిలో ఉంటే ఇంటి దగ్గరే కమిషనరు ద్వారా సాక్ష్యం నమోదు చేయమని అడగవచ్చు. ఆయన అక్రమంగా కూర్చున్న కాలానికి నష్టపరిహారం కూడా దావాలోనే కోరండి. కేసు సాగదీస్తే తన మీదే భారం పెరుగుతుందని అవతలివారికి తెలియడం మంచిది.

ఖర్చు గురించి ఒక మాట. న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం పొందే హక్కు ఉంది. మీకు, అమ్మగారికి ఇద్దరికీ వర్తిస్తుంది. జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు చేసుకోవచ్చు. సొంత లాయరును పెట్టుకుంటే ఊళ్లో సివిల్ దావాలు నడిపే అలవాటున్న వారినే ఎంచుకోండి. వకాలత్ మీద సంతకం పెట్టి వచ్చేయకుండా, దావా ముసాయిదా ఇంటికి తెచ్చుకుని చదవండి. షెడ్యూలులోని నాలుగు హద్దులు, గజాలు, ప్లాటు నంబరు మీ నాన్నగారి దస్తావేజుతో అక్షరం అక్షరం సరిపోవాలి. చివరి పేజీలో కోరిన ఉపశమనాల్లో యాజమాన్య ప్రకటన, ఆయన దస్తావేజు మిమ్మల్ని కట్టిపడేయదన్న ప్రకటన, షెడ్డు తొలగించి స్వాధీనం అప్పగింత, శాశ్వత ఇంజంక్షన్, నష్టపరిహారం ఉన్నాయో లేదో వేలు పెట్టి చూసుకోండి. ఒక్కటి తక్కువైనా రాయించాకే సంతకం పెట్టండి.